రెండు ఖాళీ గొట్టాలు

మా మామయ్యకి పని జరిగే చోటల్లా ఒక మారుపేరు ఉండేది. ‘ఆగు మేస్త్రి’. ముఖాన ఎవరూ అనేవాళ్ళు కాదు గానీ వెనకాల అందరూ అదే అనేవాళ్ళు. ఇంటి నేల మీద చెక్కలా కనపడే లామినేట్ పలకలు పరవడానికి ఎవరైనా పిలిస్తే ఆయన ముందు పలకల వంక చూడరు. నేల మీద మోకాళ్ళు ఆనించి, అరచెయ్యి సిమెంటు మీద పెట్టి, జ్వరం చూస్తున్నట్టు కాసేపు అలాగే ఉండి, లేచి నిలబడి "ఆగండి" అంటారు. రంగులవాళ్ళ పని అయిపోయింది, కరెంటువాళ్ళ పని అయిపోయింది, ఇంటివాళ్ళు సామాన్లు మూటలు కట్టుకుని కూర్చున్నారు, అయినా సరే ఆగాల్సిందే.

ఆగి ఏం చేస్తారంటే, గజం పొడవు గజం వెడల్పు ఉన్న ప్లాస్టిక్ ముక్కని నేలకి నాలుగు పక్కలా టేపుతో అంటించి వెళ్ళిపోతారు. మూడో రోజు వచ్చి ఎత్తి చూస్తారు. అడుగున చెమ్మ పట్టి ఉంటే మళ్ళీ అదే మాట. "నేల ఇంకా నీళ్ళు వదుల్తోంది. ఇప్పుడు మూసేస్తే ఆ నీళ్ళు ఎటు పోతాయి చెప్పండి? మీ పలకల్లోకే పోతాయి. పలకంటే ఏంటి, అదిమిపెట్టిన చెక్కపొడి. నీళ్ళు తాగి ఉబ్బి కూర్చుంటుంది." ఇంటివాళ్ళు బతిమాలతారు, కసురుకుంటారు, వేరేవాళ్ళని పిలుచుకుంటామని బెదిరిస్తారు. ఆయన "పిలవండి" అని సంచీ సర్దుకుంటారు. చిత్రమేమంటే ఎవరూ పిలిచేవాళ్ళు కాదు.

నేల ఆరాక అసలు పని మొదలవుతుంది. పైన ఎంత ఆరినా, వానలు పడితే కింద మట్టిలోంచి చెమ్మ ఎక్కుతూనే ఉంటుంది. అందుకని ముందు మందపాటి పాలిథిన్ షీటు గోడ నుంచి గోడ దాకా పరవాలి. ఒక షీటు అంచు మీదికి ఇంకో షీటు జానెడు ఎక్కాలి, ఆ అతుకంతా టేపు వెయ్యాలి. దాని మీద మెత్తటి ఫోమ్. ఫోమ్ మీద పలకలు, ఒకదాని అంచు ఇంకోదాంట్లో టక్కుమని కూర్చునేలా. పలకలు పడ్డాక ఆ షీటు జన్మలో ఎవరి కంటా పడదు. ఎవరి కంటా పడని ఆ పనికి ఆయన పడే ఆరాటం చూస్తే మొదట్లో నాకు నవ్వొచ్చేది.

మొదట్లో అంటే నేను చెప్పబోయే సంగతికి ఆరేళ్ళ ముందు. మా ఆయన లారీ డ్రైవరు, నెలలో ఇరవై రోజులు రోడ్డు మీదే. ఇంట్లో గోడలతో మాట్లాడుకోలేక ఒకరోజు మామయ్య వెనకాలే సంచీ పట్టుకుని బయల్దేరాను. కోడల్ని పనికి తిప్పుతున్నావేంటయ్యా అని ఎవరో అంటే, "కోడలు కాదు, కుడిచెయ్యి" అన్నారట. ఆ మాట నాకు చేరవేసింది అత్తయ్యే. చేరవేసి మూతి ముడుచుకుంది.

ఇప్పుడు చెప్పేది ఒక్క వానాకాలం సంగతి. ఆ ఏడు వానలు ముందే మొదలయ్యాయి. ఒక బట్టల కొట్టు వెనక గదిలో పని. మామయ్య గోడ కొలిచి, అంకె మనసులో పెట్టుకుని, కోత మిషన్ దాకా నడిచి, అక్కడ నిలబడిపోయారు. మళ్ళీ వెళ్ళి కొలిచారు. మళ్ళీ వచ్చి నిలబడిపోయారు. మూడోసారికి నేను "ఏంటి మామయ్యా, ఆ గోడ గానీ పెరుగుతోందా?" అని ఎకసెక్కెం ఆడాను. ఆయనా నవ్వారు. ఆ నవ్వు తల్చుకుంటే ఇప్పటికీ నా చెంపలు నేనే వాయించుకోవాలనిపిస్తుంది.

అదే రోజు మధ్యాహ్నం నేను టీ తాగి వచ్చేసరికి ఆయన ఫోమ్ చుట్ట విప్పి పరుస్తున్నారు. నేరుగా సిమెంటు మీద, కింద ఏమీ లేకుండా.

"షీటు, మామయ్యా," అన్నాను.

ఆయన చేతులు ఆగిపోయాయి. నా వంక చూశారు, ఫోమ్ వంక చూశారు, గోడకి చేరేసి ఉన్న పాలిథిన్ చుట్ట వంక చూశారు. "అదే కదా వెయ్యబోతున్నాను," అంటూ పరిచిన ఫోమ్‌ని మెల్లగా మళ్ళీ చుట్టేశారు. చెవులు రెండూ ఎర్రబడ్డాయి. నాకు నిజంగా భయం వేసింది. తాళాలు మర్చిపోయే మనుషుల్ని చూశాను, పేర్లు మర్చిపోయేవాళ్ళని చూశాను. కానీ మామయ్య షీటు మర్చిపోవడమంటే ఊపిరి తీసుకోవడం మర్చిపోవడం లాంటిదే.

ఇంటికెళ్ళాక వంటింట్లో అత్తయ్య చెవిన వేశాను. "మామయ్యకి మతిమరుపు వస్తోంది అత్తయ్యా."

"వస్తోందా? ఎప్పుడు పోయింది గనక," అంది అత్తయ్య కూరగాయలు తరుగుతూ. "పెళ్ళైన కొత్తలో నన్ను బస్టాండులో కూర్చోబెట్టి టికెట్టు తెస్తానని వెళ్ళి, దారిలో ఎవడింట్లోనో నేల చూసి అక్కడే ఉండిపోయిన మనిషి."

"అలాంటిది కాదు. ఇవాళ షీటు మర్చిపోయారు."

కత్తి ఆగింది. అత్తయ్య తల ఎత్తలేదు. గొంతు తగ్గించి, "ఈ మాట గడప దాటనివ్వకు," అంది. "ఆయనకి ఆ పని తప్ప ఇంకో సరదా లేదు, ఇంకో స్నేహితుడు లేడు. ఆగు మేస్త్రికి మతి తప్పిందని ఒక్కరి నోట పడిందా, రేపట్నుంచి పిలిచేవాడు ఉండడు. ఇంట్లో కూర్చోబెడితే నాలుగు నెలలు బతకడు. నా మాట విను. నువ్వు పక్కనే ఉంటావు కదా, చూసుకో."

మా ఆయనకి ఫోన్ చేస్తే ఆయనదీ అదే పాట. "నాన్నకేంటి, గుండ్రాయిలా ఉంటారు. వయసన్నాక కాస్త అటూ ఇటూ అవుతుంది. నువ్వున్నావుగా, చూసుకో." ఆ వానాకాలమంతా నేను విన్న మాట ఇదొక్కటే, చూసుకో. దేన్ని చూసుకోవాలో, ఎలా చూసుకోవాలో మాత్రం ఒక్కరూ చెప్పలేదు.

నా నడుం నొప్పి వంక పెట్టి మామయ్యని డాక్టరు దగ్గరికి లాక్కెళ్ళాను. నా నడుం ఒక్క నిమిషంలో అయిపోయింది. తర్వాత డాక్టరు, నేను ముందే ఫోన్లో చెప్పి ఉంచాను కనక, మామయ్య వైపు తిరిగి, "పెద్దాయనా, మూడు మాటలు చెప్తాను, గుర్తు పెట్టుకోండి. గొడుగు, తాళం, నిమ్మకాయ. కాసేపాగి అడుగుతాను," అన్నాడు. అని, మీ పనేంటి అని మాటల్లో పెట్టాడు. ఇక చూడాలి. నేల ఎందుకు చెమరుస్తుందో, కొత్త సిమెంటు ఎన్ని నెలలు ఆరాలో, కొన్న పలకల్ని అదే గదిలో రెండు రోజులు ఎందుకు ఉంచాలో, ఫోమ్ అతికించిన పలకల కింద మళ్ళీ ఫోమ్ వేస్తే అతుకులు ఎందుకు విరుగుతాయో, మామయ్య పావుగంట ఏకబిగిన పాఠం చెప్పారు. డాక్టరు ఇంటి కింది గదిలో మూల బూజు వాసన ఎందుకొస్తోందో కూడా ఇంటికి వెళ్ళకుండానే చెప్పేశారు. ఎక్కడా ఒక్క మాట తడబడలేదు. నా ప్రాణం లేచొచ్చింది.

"బాగా చెప్పారు," అన్నాడు డాక్టరు. "ఇంతకీ నేను చెప్పిన ఆ మూడు మాటలేంటి?"

మామయ్య నవ్వు ముఖంతోనే ఉండిపోయారు. పైకప్పు చూశారు. తన అరచెయ్యి చూసుకున్నారు. చివరికి నా వైపు చూపించి, "మా అమ్మాయిని అడగండి," అన్నారు. "తనకి అన్నీ గుర్తుంటాయి."

ఆయన్ని బయట కూర్చోబెట్టి వచ్చాక డాక్టరు చెప్పాల్సింది చెప్పాడు. ఇది తగ్గేది కాదు, మందులిస్తే కాస్త నెమ్మదిగా ముదురుతుంది, అంతే. పని మాన్పించాలా అని అడిగాను. "పనే ఆయన్ని నిలబెడుతోందమ్మా. చేసినన్నాళ్ళు చెయ్యనివ్వండి. ఒంటరిగా వదలకండి, కోత మిషన్ ముట్టుకోనివ్వకండి," అన్నాడు. వినడానికి ఎంత సులువుగా ఉందో. కోత మిషన్ దుమ్ము లేపుతుందని ఎప్పుడూ ఇంటి బయట వరండాలో పెడతాం. పలకలు పరిచేది లోపల గదుల్లో. నేను బయట కోస్తుంటే లోపల ఆయన ఒంటరి. లోపల నేనుంటే మిషన్ దగ్గర ఆయన. నన్ను రెండు ముక్కలుగా కోసుకుంటే తప్ప ఆ డాక్టరు చెప్పినట్టు కుదరదు. నడుం నొప్పి అని ఎలాగూ చెప్పాం కదా, వంగి పలకలు పరిచే పని నాకు వద్దు, నిలబడి కోసే పని నేను చేస్తానని మామయ్యతో అన్నాను. "నీకేది సుఖంగా ఉంటే అది చెయ్యమ్మా," అన్నారాయన.

అప్పుడు నేను ఒక లెక్క కనిపెట్టాను. పాలిథిన్ షీటు అట్ట గొట్టానికి చుట్టి వస్తుంది. మేం పని చేసే గదుల కొలతకి గదికో చుట్ట సరిగ్గా సరిపోతుంది. అంటే ఎన్ని గదులు మూశామో అన్ని ఖాళీ గొట్టాలు బయటికి రావాలి. ఆయన పని చేసిన గదిలోకి వెళ్ళి ఫోమ్ ఎత్తి చూడక్కర్లేదు, ఆయన్ని నిలదియ్యక్కర్లేదు, గుమ్మం దగ్గర గొట్టాలు లెక్కపెట్టుకుంటే చాలు. మామయ్య మర్యాద మామయ్యకి ఉంటుంది, నా గుండె నాకు నిలబడుతుంది. ఇంత తెలివి నాకెక్కడిదని మురిసిపోయాను కూడా.

లెక్క బాగానే నడిచింది. ఒకచోట తలుపు వెనకాల విప్పని చుట్ట దొరికింది. లోపల అప్పటికే రెండు వరసల పలకలు పడ్డాయి. నేను వెళ్ళి తల గోక్కుంటూ, "మామయ్యా, ఈ గదిలో షీటు నేను వేస్తానని వెయ్యలేదు. తియ్యక తప్పదు," అన్నాను. ఆయన నన్ను కడిగేశారు. "ఇంత అజాగ్రత్త అయితే ఎలాగమ్మా, నేను చూడబట్టి సరిపోయింది," అంటూ ఎంతో హుషారుగా పలకలన్నీ ఊడదీసి మళ్ళీ మొదలుపెట్టారు. ఆ సాయంత్రం అత్తయ్య దగ్గర కూడా నా అజాగ్రత్త గురించి చెప్పారు. అత్తయ్య నా కళ్ళలోకి చూసింది. నాకు ఇంకో గరిటెడు కూర వడ్డించింది.

టీచరమ్మ ఇంటి పని ఆ తర్వాతే వచ్చింది. స్కూల్లో లెక్కలు చెప్పే ఆవిడ, నేల అంతస్తులో కొత్తగా ఒక హాలు, ఒక పడగ్గది కట్టుకుంది. వాళ్ళమ్మకి మోకాళ్ళు పనిచెయ్యవు, మెట్లెక్కలేదు, అందుకని ఆవిడ కోసం కింద పడగ్గది. మామయ్య పాతరోజుల్లోలాగే ఆ ఇంటిని రెండు నెలలు ఆపారు. ప్లాస్టిక్ ముక్క రెండుసార్లు అంటించి చూశాం, రెండోసారి పొడిగా వచ్చింది. మొదటిరోజు ఇద్దరం కలిసి హాల్లో షీటు పరిచాం, అతుకులన్నీ టేపు వేశాం. ఇంతలో వాన, కరెంటు పోయింది, ఇంటికొచ్చేశాం. ఆ హాలు షీటు నా చేతులతో నేను వేశాను కనక దాని గురించి నాకు బెంగ లేదు.

మర్నాడు పొద్దున అత్తయ్య పన్ను పీకించాలి. "మీరు ఇంట్లోనే ఉండండి మామయ్యా, పదింటికల్లా వచ్చేస్తాను, కలిసి వెళ్దాం," అన్నాను. సరేనన్నారు. మేము తిరిగొచ్చేసరికి పదకొండు. ఇంట్లో మామయ్య లేరు, ఆయన సంచీ లేదు. అత్తయ్య వాచిన బుగ్గ పట్టుకుని "వెళ్ళు, వెళ్ళు" అని చేత్తో సైగ చేసింది. వానలో పరుగు లాంటి నడక నడిచాను.

నేను భయపడ్డట్టు ఏమీ కాలేదు. టీచరమ్మ బడికి పోతూ తాళం తీసి ఇచ్చి వెళ్ళిందట. మామయ్య హాల్లో మోకాళ్ళ మీద కూర్చుని, చెక్క దిమ్మ ఆనించి సుత్తితో చిన్నగా తడుతూ పలకలు కూర్చోబెడుతున్నారు. మూడు వరసలు అయిపోయాయి. గోడ దగ్గర వేలెడు సందు వదలడంతో సహా అన్నీ కొలిచినట్టున్నాయి. నన్ను చూసి, "నువ్వొచ్చేసరికి సగం పని అవగొట్టాను చూశావా," అన్నారు. "పడగ్గది కూడా అయిపోయింది. ఫోమ్ కూడా పరిచేశాను. నువ్వు పలకలు కోసివ్వడమే."

పడగ్గది గుమ్మంలో నిలబడి చూశాను. ఫోమ్ ఈ గోడ నుంచి ఆ గోడ దాకా ఎక్కడా ముడత లేకుండా పరిచి ఉంది. ఆయన వచ్చి నా వెనకాల నిలబడ్డారు.

"షీటు వేశారు కదా మామయ్యా?" అన్నాను. అడగకూడదనుకుంటూనే అడిగేశాను.

మామయ్య కోప్పడలేదు. కోప్పడితే బాగుండేది. "నన్ను తనిఖీ చేస్తున్నావా అమ్మా?" అన్నారు, అంతే.

ఆ గొంతు విన్నాక నాకు అక్కడ వంగి ఫోమ్ మూల ఎత్తే ధైర్యం లేకపోయింది. అర నిమిషం పని అది. రెండు వేళ్ళతో మూల పట్టుకుని ఎత్తితే తెల్లటి పాలిథిన్ కనపడుతుంది, లేదా సిమెంటు కనపడుతుంది. అర నిమిషం. దానికి బదులు నేను హాల్లోకొచ్చి గుమ్మం పక్కన చూశాను. ఖాళీ గొట్టాలు రెండు, గోడకి చేరేసి నిలబెట్టి ఉన్నాయి. గదులు రెండు, గొట్టాలు రెండు. హమ్మయ్య అనుకుని వరండాలోకెళ్ళి మిషన్ ఆన్ చేశాను.

తర్వాత నెల రోజులు వాన పడింది. పట్టిన ముసురు పట్టినట్టే ఉంది. పనులు లేవు, ఇంట్లోనే ఉన్నాం. అది ఇంకా పెద్ద చిక్కు. మామయ్య పొద్దున్నే సంచీ తగిలించుకుని గుమ్మంలో నిలబడేవారు. ఇవాళ పని లేదు మామయ్యా అంటే సరేనని లోపలికొచ్చి, మళ్ళీ గంటకి సంచీతో గుమ్మంలో నిలబడేవారు. ఒకరోజు అత్తయ్యని, "మీరెవరమ్మా? ఎవరూ టీ ఇచ్చినట్టు లేదు మీకు," అని మర్యాదగా అడిగారు. అత్తయ్య తను చుట్టాలింటికి వచ్చినట్టే కుర్చీలో కూర్చుని, ఆయన పెట్టిచ్చిన టీ తాగింది. గ్లాసు కడుగుతూ నన్నడిగింది, "డాక్టరు ఏమన్నాడు?"

నేను డాక్టరు దగ్గరికి వెళ్ళిన సంగతి ఆవిడకి చెప్పనే లేదు.

"తగ్గదన్నాడు అత్తయ్యా."

"సరే," అంది. గ్లాసు బోర్లించింది. నాకు మాత్రం ఎవరినన్నా పట్టుకుని దెబ్బలాడాలనిపించింది. కానీ ఎవరితో? డాక్టరుతోనా, వానతోనా?

ముసురు విడవకముందే టీచరమ్మ ఫోన్ వచ్చింది. గొంతులో కోపం లేదు, ఇబ్బంది ఉంది. "అమ్మ గదిలో నేల పైకి లేచిందమ్మా. తలుపు తెరుచుకోవట్లేదు. నిన్న అమ్మ కాలు తట్టుకుని పడబోయింది. మీ మామగారు ఒకసారి చూస్తే బాగుంటుంది."

నేనొక్కదాన్నే వెళ్దామనుకున్నాను. కానీ ఫోన్ మాటలు మామయ్య విన్నారు, నేను చెప్పులు వేసుకునేలోపే సంచీ తగిలించుకుని ముందు నిలబడ్డారు. దారంతా హుషారుగా ఉన్నారు. పని దొరికిందన్న సంతోషం.

గదిలో అడుగు పెట్టగానే వాసన. తడిసిన అట్టపెట్టె వాసన. పలకల అంచులన్నీ పెదవుల్లా ఉబ్బి ఉన్నాయి. గది మధ్యలో నేల గుట్టలా పైకి లేచింది. టీచరమ్మ తల్లి హాల్లో మంచం మీద కూర్చుని మా వంకే చూస్తోంది. మామయ్య గోడ అడుగున అంచుకి బిగించిన స్కర్టింగ్ చెక్క ఊడదీసి, మొదటి పలక లేపారు, రెండోది లేపారు. ఫోమ్ పట్టుకుని వెనక్కి మడిచారు. దాని అడుగంతా నీటిచుక్కలు, అక్కడక్కడా నల్లటి మచ్చలు. దాని కింద ముదురు రంగుకి తిరిగిన ఉత్త సిమెంటు.

షీటు లేదు.

గొట్టాలు రెండు కదా, రెండు కదా అని నా లోపల ఒకటే గోల. మామయ్య చాలాసేపు ఆ సిమెంటుని చూశారు. అరచెయ్యి దాని మీద పెట్టి, తీసి, తడిని చూపుడువేలితో రాసి చూసుకున్నారు. "ఎవరు చేశారమ్మా ఈ పని?" అని టీచరమ్మని అడిగారు. "నేల మీద నేరుగా ఫోమ్ వేశాడు. తప్పు వాడిది కాదు లెండి. వాడికి పని నేర్పినవాణ్ణి అనాలి."

టీచరమ్మ నోరు తెరిచింది. ఆవిడకి తెలుసు, తాళం తీసి ఇచ్చింది ఎవరికో. నా వంక చూసింది. నేను ముందే అనేశాను.

"నేనే చేశాను మామయ్యా."

ఆయన నా వైపు తిరిగారు. "నువ్వా?"

"నేనే."

"నీకు నేను నేర్పలేదా?"

"నేర్పారు."

"మరి?"

"మర్చిపోయాను."

గతంలో ఇలాగే అన్నప్పుడు కడిగేశారు కదా, ఇప్పుడూ కడిగేస్తారనుకున్నాను. కడిగేస్తే ఆయన హుషారు ఆయనకి మిగులుతుంది. కానీ మామయ్య గొంతు పెంచలేదు. ఎంతో బాధగా, నచ్చచెబుతున్నట్టు చెప్పారు. "మర్చిపోయే పని కాదమ్మా ఇది. ఇంకేదన్నా మర్చిపో, పరవాలేదు. పాపం ఆ పెద్దావిడ పడిపోతే ఏమయ్యేది? షీటు మర్చిపోయేవాళ్ళు ఇక ఈ పని చెయ్యకూడదు. గౌరవంగా ఇంట్లో కూర్చోవాలి. నిన్నని కాదు, ఎవరైనా సరే. నేనైనా సరే."

నేను తల ఊపాను. టీచరమ్మ కిటికీ వైపు తిరిగింది.

"హాల్లో కూడా ఇంతేనా మరి?" అంది, బయటికి చూస్తూనే.

హాల్లో ఏమీ కాలేదు, నేల నున్నగా బల్లపరుపుగా ఉంది. అయినా చూడక తప్పదు. మంచం మీది పెద్దావిడని కుర్చీలోకి మార్చి, మంచం జరిపి, గోడ వార మూడు వరసలు నేనే లేపాను. ఫోమ్ మడిచాను. తెల్లటి షీటు, పొడిగా ఉంది. అది నేను వేసిన షీటు కాదు. అతుకులు వేరేచోట ఉన్నాయి. దాని అంచు ఎత్తితే కింద ఇంకో షీటు. అది నాది. అత్తయ్య పన్ను పీకించిన ఆ పొద్దున మామయ్య వానలో నడిచొచ్చి, ముందురోజు మేం వేసిన షీటు మీద మళ్ళీ కొత్తగా ఇంకో షీటు పరిచారు. ఓపిగ్గా, గోడ నుంచి గోడ దాకా. రెండో గొట్టం అందుకే ఖాళీ అయింది. నా తెలివి, నా లెక్క, అంతా అక్కడే ఉంది.

నాకు ఏడుపొచ్చింది. ఎత్తిన షీటు అంచు గబగబా కిందికి వదిలేశాను.

మామయ్య వచ్చి నా పక్కన మోకాళ్ళ మీద కూర్చున్నారు. రెండు షీట్లున్నాయని ఆయన గమనించలేదు. పైదాన్నే చూస్తున్నారు. అతుకు మీద వేలితో ఈ చివర నుంచి ఆ చివర దాకా రాసుకుంటూ వెళ్ళారు. టేపులో ఒక్క బుడగ లేదు, ఒక్క మడత లేదు. గోడ మూల ఒంపు తిరిగిన చోట ఎంతో నేర్పుగా కత్తిరించి కూర్చోబెట్టి ఉంది. ఆయన ముఖం విప్పారింది. చాలా నెలల తర్వాత చూశాను ఆ ముఖం.

"చూశావా," అన్నారు. "పని అంటే ఇలా ఉండాలి. ఇది ఎవరికి కనపడుతుంది చెప్పు? ఎవరికీ కనపడదు. అయినా చూడు ఎంత శ్రద్ధగా చేశాడో."

"అవును మామయ్యా."

"వీడెవడో నిజమైన పనివాడు." ఆయన గొంతు తగ్గించి, టీచరమ్మ వినకుండా నా వైపు వంగారు. "నిన్ను ఇందాక అన్నానని మనసులో పెట్టుకోకు. నువ్వు ఒక్కదానివే అన్నీ చూసుకోలేవు. నేనా, పెద్దవాణ్ణైపోతున్నాను. నీ పక్కన ఇలాంటివాడు ఒకడు ఉండాలి. ఎవరో కనుక్కో."

"కనుక్కుంటాను," అన్నాను.

ఆయన తృప్తిగా తల పంకించి, ఫోమ్‌ని రెండు చేతులా జాగ్రత్తగా మళ్ళీ ఆ షీటు మీద కప్పారు.

"పేరు అడగడం మర్చిపోకు," అన్నారు.